కొనసాగింపు చిత్రాలు – మారిన వ్యాపారం

విజయవాడ నుండి మచిలీపట్నం వెళ్లే రహదారిపై కంకిపాడు ఉంది. అచ్చటి రైతు ఒకప్పుడు కొత్త చిత్రం చూడదలిస్తే సినిమాహాలుకు వెళ్లవలసిందే. నేడు అదే చిత్రం కొద్ది వారాలలో అతని ఫోనులోకి వస్తున్నది. ఈ మార్పు ఒకే కథను భాగాలుగా నిర్మించే చిత్రాల వ్యాపారాన్ని ఎట్లా మలచిందో పరిశీలిద్దాం.

1921లో మారుతి టాకీస్ వెలసిన విజయవాడ కాలక్రమంలో చిత్ర పంపిణీకి ముఖ్యకేంద్రమైంది. నిర్మాతలు తమ చిత్రాలను నైజాం, సీడెడ్, కృష్ణా, గుంటూరు మొదలైన ప్రాంతాలవారీగా అమ్ముతూ వచ్చారు. కృష్ణా హక్కులు కొన్న పంపిణీదారుడు ముందుగా సొమ్ము చెల్లించి, టికెట్ల రాబడితో దానిని తిరిగి పొందాలి. చిత్రం ఆడకపోతే నష్టం అతనిదే.

2015 జూలై 10న విడుదలైన ‘బాహుబలి’ మొదటి భాగం ఒక ప్రశ్నతో ముగిసింది. సమాధానం 2017 ఏప్రిల్ 28న రెండవ భాగంలో లభించింది. ప్రేక్షకుల ఆ నిరీక్షణే రెండవ భాగానికి పెట్టుబడి అయింది.

2020లో కరోనా వలన హాళ్లు మూతపడగా ఓటీటీ వేదికలకు ఆదరణ పెరిగింది. 2014లో ‘దృశ్యం’ హాళ్లలో ఆడింది. దాని కొనసాగింపు ‘దృశ్యం 2’ మాత్రం 2021 నవంబరు 25న నేరుగా అమెజాన్ ప్రైమ్ వీడియోలో విడుదలైంది. ఇట్టి ఒప్పందంలో నిర్మాతకు హక్కుల సొమ్ము లభిస్తుంది. పంపిణీదారునికి, హాలు యజమానికి టికెట్ల రాబడి ఉండదు.

‘పుష్ప’ కథ వేరు. 2021 డిసెంబరు 17న హాళ్లలో విడుదలైన తొలిభాగం మూడు వారాలకే, 2022 జనవరి 7న, ఓటీటీలోకి వచ్చింది. హాలుకు వెళ్లనివారికి సైతం ఆ పాత్ర ఇంట్లోనే పరిచయమైంది. ఆ పరిచయం మలిభాగానికి ప్రచారంగా ఉపకరించింది. 2024 డిసెంబరు 5న వచ్చిన ఆ మలిభాగం 8 వారాల తరువాత, 2025 జనవరి 30న, నెట్‌ఫ్లిక్స్‌కు చేరింది.

ఓటీటీ ఒకచోట హాలును దాటిపోయింది. మరొకచోట హాలుకు ప్రేక్షకులను సిద్ధం చేసింది. ఈ రెండింటి నడుమ నిలిచేది గడువు. ఆ కొద్ది వారాల రాబడి మీదనే చిన్న ఊరి హాలులో టికెట్లు చించేవాని జీతం, క్యాంటీను నడిపేవాని బతుకు ఆధారపడి ఉన్నాయి. కథకు మూడవ భాగం ఉండవచ్చు. మూతపడిన హాలుకు రెండవ భాగం ఉండటం అరుదు.

అభ్యాసం

1. కృష్ణా ప్రాంత పంపిణీదారుడు పొందే లాభనష్టాలను వివరించండి.
2. ‘దృశ్యం 2’, ‘పుష్ప’ విడుదల విధానాలలోని భేదాన్ని తెలపండి.
3. హాలుకు, ఓటీటీకి నడుమ గడువు ఎందుకు అవసరం? మీ అభిప్రాయం రాయండి.