‘ప్రణయ’ అని ఆడపిల్లకు పేరు పెట్టొచ్చా?

వచ్చే ఆదివారం అశోక్ నగర్‌లో మా అక్క కూతురి బారసాల. అక్క ‘ప్రణయ’ అనే పేరు అనుకుంది. అమ్మమ్మేమో, “పసిపిల్లకి ప్రేమాగీమా అని పేరేమిటే, రేపు కాలేజీలో ఏడిపించరూ?” అని అలిగి కూర్చుంది. వీడియోలు చేస్తాను కదా అని తీర్పు నా మీద పడేశారు.

ప్రణయం అంటే మనకి ప్రేమకథలే గుర్తొస్తాయి. సంస్కృతంలో దీని మూలం ‘నీ’ ధాతువు, అంటే నడిపించడం. ముందు ‘ప్ర’ చేరింది, అందులోని ‘ర’ వల్ల ‘న’ కాస్తా ‘ణ’ అయింది. నాయకుడు, నేత, నయనం కూడా ఈ ధాతువు నుంచే వచ్చాయి. ‘పరి’ చేరిస్తే పరిణయం: అగ్ని చుట్టూ నడిపించడం, పెళ్లి. (ప్రణవం మాత్రం వేరండోయ్. దాని ధాతువు ‘ను’, స్తుతించడం.)

అమ్మమ్మని కదిలించింది వ్యాకరణం కాదు, భగవద్గీత. 11వ అధ్యాయం, 41వ శ్లోకం తీయండి. విశ్వరూపం చూసి వణికిపోయిన అర్జునుడు, ఇన్నాళ్లూ నిన్ను కృష్ణా, యాదవా, సఖా అని పిలిచేశాను, పొరపాటునో ప్రణయంతోనో అని చెప్పుకుంటాడు. తర్వాతి శ్లోకంలో క్షమించమంటాడు. అక్కడ ప్రణయం అంటే చనువు. దేవుణ్ణి ఒరేయ్ అనగలిగేంత చనువు!

ఒకటి ఒప్పుకోవాలి. సంస్కృతంలో ఈ మాట పుంలింగం. ఆడపిల్ల పేరుగా మార్చుకున్నది మనమే. నాకైతే అభ్యంతరం లేదు.

అమ్మమ్మ శ్లోకం రెండుసార్లు చదివించుకుంది. “సరే, నక్షత్రం కుదరాలిగా” అంది. పాపది ఉత్తర మూడో పాదం, అక్షరం ‘పా’. ‘ప్ర’ సరిపోతుందా అని ఇప్పుడు పంతులుగారికి ఫోన్ చేస్తున్నారు.