ఊరు దాటితేనే ఇంటిపేరు

చెల్లీ, ఈ నెల మన ముచ్చట పేర్ల మీద. పుస్తకాలేం తిరగెయ్యక్కర్లేదులే. చిక్కడపల్లి నుంచి నారాయణగూడ దాకా బోర్డులు చదువుకుంటూ నడిస్తే సగం పాఠం దార్లోనే అయిపోతుంది.

చిక్కడపల్లిలో త్యాగరాయ గానసభ ఉంది కదా, ఆ బోర్డు మీదున్నది వాగ్గేయకారుడు త్యాగయ్యగారి సొంతపేరు. 1767లో తిరువారూరులో పుట్టిన పిల్లాడికి అమ్మానాన్నలు ఆ ఊళ్ళో వెలసిన త్యాగరాజస్వామి పేరే పెట్టుకున్నారు. ఇంటిపేరు మాత్రం కాకర్ల. ఆ కాకర్ల తమిళనాట లేదు, మన ఉమ్మడి ప్రకాశం జిల్లా కంభం వైపు ఉంది. పెద్దలెప్పుడో కావేరి గడ్డకు తరలిపోయారు. పొలమూ పుట్రా వెంట రావు కదా, ఊరిపేరొక్కటే వెంట వెళ్ళింది.

అటు బాగ్‌లింగంపల్లి వైపు తిరిగితే సుందరయ్య పార్కు, సుందరయ్య విజ్ఞాన కేంద్రం. ఆయన పుచ్చలపల్లి వారు. ఇంట్లో పెట్టిన పేరు సుందరరామిరెడ్డి. కులం చెప్పే ఆ చివరి ముక్కను తనే తీసేసి సుందరయ్యగా నిలిచారు. ఇంటిపేరు జోలికి మాత్రం పోలేదు.

ఇక నారాయణగూడకు రా. మాడపాటి హనుమంతరావు గారి బాలికల పాఠశాల అక్కడే. కచేరీల్లోనూ బడుల్లోనూ ఉర్దూ చెలామణీ అయ్యే నిజాం రోజుల్లో, 1928లో, ఆడపిల్లలకు తెలుగులో చదువు చెప్పడానికి పుట్టిన బడి అది. మాడపాటి, భమిడిపాటి లాంటి పేర్ల చివర ఆ ‘పాటి’ ఏంటంటావా? ‘పాడు’తో ముగిసే ఊరు ఇంటిపేరయ్యేసరికి ‘పాటి’ అవుతుంది. అలాగే ‘ఊరు’ కాస్తా ‘ఊరి’, ‘వరం’ కాస్తా ‘వరపు’. నీ ఇంటిపేరు చివర ఇలాంటి తోక ఉందేమో చూసుకో, దాని వెనక ఒక పల్లె దాక్కుని ఉంటుంది.

అక్కడికి దగ్గర్లోనే కేశవ మెమోరియల్ బడి. జస్టిస్ కేశవరావు కోరట్కర్ పేరు మీద 1940లో మొదలైంది. మరాఠీవాళ్ళు ఊరిపేరుకు ‘కర్’ తగిలిస్తారు. తమాషా చూడు, వాళ్ళబ్బాయి వినాయకరావు గురుకుల కాంగ్డీలో చదివి తెచ్చుకున్న ‘విద్యాలంకార్’ పట్టానే ఆయనకు ఇంటిపేరైపోయింది. పొద్దున్నే నువ్వు నడకకు వెళ్ళే మెల్కోటే పార్కు సంగతీ ఇంతే. డాక్టర్ జి.ఎస్. మెల్కోటే పేరు చివరున్నది కర్ణాటకలోని చెలువ నారాయణస్వామి క్షేత్రం.

ఇప్పుడు అసలు మాటకొస్తాను. కాకర్లలో ఉన్నవాళ్ళను ఎవరైనా ‘కాకర్లవారు’ అంటారా? అక్కడ అందరూ కాకర్లవారే! ఊరు విడిచి, పొరుగూళ్ళో గుమ్మం ముందు నిలబడి ‘ఏ ఊరు మనది?’ అనిపించుకున్నాకే ఆ పేరు తగులుకుంటుంది. బూర్గుల రామకృష్ణారావు గారు 1952లో హైదరాబాద్ రాష్ట్రానికి ముఖ్యమంత్రి అయ్యారు కదా, వాళ్ళ అసలు ఇంటిపేరు పుల్లంరాజు. ఊరు బూర్గుల కాబట్టి జనం నోట అదే స్థిరపడింది. ఇంటిపేరు చూసుకుని మీసం దువ్వే మగవాళ్ళకు ఈ సంగతి మెల్లగా చెవిన వెయ్యి. అది వాళ్ళ తాతలు సంపాదించిన బిరుదు కాదు, వలస వచ్చినవాడికి పొరుగువాడు పెట్టిన గుర్తు. ‘ఇంటిపేరు కస్తూరివారు, ఇంట్లో గబ్బిలాల కంపు’ అని మన పెద్దలు ఊరికే అన్లేదు.

అన్నీ ఊళ్ళే కాదులే. ఉప్పు, పప్పు, అల్లం, పెరుగు, నేతి, మిరియాల... ఈ ఇంటిపేర్లన్నీ వరసగా పిలిస్తే వంటింటి సరుకుల చీటీ అవుతుంది. పులి, ఏనుగు, మేకల, నక్కా, పిల్లి కూడా ఉన్నాయి. క్లాసులో హాజరు పిలుస్తుంటే వెనక బెంచీలు మ్యావ్‌మన్నాయని పిల్ల ఏడుస్తూ ఇంటికొస్తే, వాళ్ళ నాన్నకూ అదే బెంచీల మీంచి అదే మ్యావ్ వినపడిందని చెప్పు. సగం ఏడుపు అక్కడే ఆగిపోతుంది.

సొంతపేర్ల సంగతి ఇంకా బావుంటుంది. ఇప్పటి పేర్లు కాదు, మన అమ్మమ్మల నాటివి. పేరు చెబితే జిల్లా చెప్పొచ్చు. యాదయ్య, యాదమ్మ అంటే యాదగిరిగుట్ట నరసింహస్వామి. కొమురయ్య, కొమురమ్మ అంటే కొమురవెల్లి మల్లన్న. సమ్మయ్య, సారయ్య మేడారం తల్లుల వరం. సింహాచలం అనో అప్పన్న అనో అంటే విశాఖ వైపు. పెంచలయ్య అయితే నెల్లూరు పెనుశిల కోన. లోవరాజుకు తుని దగ్గర తలుపులమ్మ లోవ, మద్దిలేటికి ఉమ్మడి కర్నూలు జిల్లా, కోటయ్యకు కోటప్పకొండ. మస్తానమ్మ గుంటూరు మస్తాన్ దర్గాకు మొక్కుకుంటే పుట్టింది. సైదులు జాన్‌పహాడ్ దర్గా బిడ్డ. కడుపు పండాలని మొక్కిన తల్లికి గుడీ దర్గా అని తేడా లేదు చెల్లీ, ఆ పిల్లల పేర్లే అందుకు సాక్ష్యం.

పెంటయ్య, పెంటమ్మ, పిచ్చయ్య, భిక్షపతి అనే పేర్లు వింటే పిల్లలు నవ్వుతారు. నవ్వొద్దని చెప్పు. పుట్టినవాళ్ళు పుట్టినట్టే పోతుంటే, ఈ ఒక్కరైనా దక్కాలని బిడ్డను పెంటమీద వేసి ‘దొరికింది’ అని తిరిగి ఎత్తుకునేవాళ్ళు. చావు కన్ను పడకూడదని కావాలనే చవక పేరు పెట్టేవాళ్ళు. ఆ పేరులో ఉన్నది కన్నతల్లి భయం.

ఇదంతా ఇప్పుడెందుకంటే, అశోక్‌నగర్‌లో చాలామంది పిల్లలకు పేరే తలనొప్పి అవుతోంది. గ్రూప్స్ పరీక్షలకు చదువుకుంటూ, హాస్టల్ గదికీ నగర కేంద్ర గ్రంథాలయానికీ మధ్య తిరిగే ఆడపిల్లలు. జిరాక్స్ షాపు దగ్గర కాసేపు నిలబడి చూడు. పదో తరగతి మెమోలో ఇంటిపేరు ఒక్క అక్షరం, ఆధార్‌లో పూర్తిగా. పెళ్ళయిన పిల్లయితే పాన్ కార్డులో అత్తింటి పేరు. మూడు కాగితాలూ పక్కపక్కన పెడితే ముగ్గురు మనుషులు! ‘సర్‌నేమ్ ముందా, వెనకా?’ అని షాపు అబ్బాయిని అడుగుతుంటారు. మన పద్ధతిలో ఇంటిపేరు ముందు, పడమటి దేశాల్లో వెనక. ఒక్క ఇంట్లోనే చూడు: తండ్రి బి.ఎన్. యుగంధర్ ఐఏఎస్, కొడుకు సత్య నాదెళ్ళ. తండ్రికి ముందు పొడి అక్షరమై ఒదిగిన నాదెళ్ళ, కొడుక్కి వెనక పూర్తిగా నిలబడింది.

యాదమ్మ అన్న పేరును కుదించి ‘యాదు’ అని చెప్పుకునే పిల్లకు ఒక్క మాట చెప్పాలనుంది. పేరు నీది తల్లీ. మార్చుకోవాలనిపిస్తే మార్చుకో, అఫిడవిట్, పత్రికలో ప్రకటన, గెజిట్ అని దానికో దారి ఉంది. సిగ్గుపడి మాత్రం మార్చకు. కోఠి మహిళా విశ్వవిద్యాలయానికి 2024లో ఏ పేరు పెట్టారో తెలుసుగా? చాకలి ఐలమ్మ. ఆమె ఇంటిపేరు చిట్యాల. కులం పేరుతో పిలిచే లోకంలో, తన పంట కోసం భూస్వామి అయిన దేశ్‌ముఖ్‌కు ఎదురు నిలిచింది. ఆ పిలుపే ఇవాళ చదువులమ్మ గుడి మీద బోర్డయింది.

ఇక మన ఆడవాళ్ళ ఇంటిపేర్లు. ఊరు దాటితే మగవాడికి కొత్తగా ఇంటిపేరు వస్తే, మనకేమో ఊరు దాటగానే ఉన్నది పోతుంది. సరోజినీ నాయుడు పుట్టింటివారు చట్టోపాధ్యాయులు. 1898లో పెళ్ళాడిన డాక్టర్ గోవిందరాజులు నాయుడు గారి ఇంటిపేరు ముత్యాల. ఆమె పేరులో చట్టోపాధ్యాయ మిగల్లేదు, ముత్యాల చేరలేదు, చివరికి నాయుడొక్కటే నిలిచింది. విద్యానగర్‌లో ఆంధ్ర మహిళా సభ దుర్గాబాయమ్మ పుట్టింటివారు గుమ్మడిదల. 1953 పెళ్ళి తర్వాత దేశ్‌ముఖ్. గుమ్మడిదల అన్న మాట ఇవాళ ఎంతమందికి గుర్తుంది? పి. సత్యవతి గారి ‘ఇల్లలకగానే’ కథలో ఇల్లాలు ఇంటిపేరే కాదు, ఏకంగా తన సొంతపేరే మర్చిపోతుంది. ఆ కథ చదివి నవ్వినవాళ్ళు ఆ రాత్రి నిద్రపోరు.

పెళ్ళవగానే ఇంటిపేరు మార్చుకోవాలని మన దేశంలో ఏ చట్టమూ లేదు. పాస్‌పోర్టుకు కూడా అక్కర్లేదు. ‘మార్చుకోకపోతే అత్తగారు ఏమనుకుంటారో’ అన్నది వేరే సంగతి, దాన్ని ఇద్దరూ కూర్చుని తేల్చుకోండి. మార్చుకుంటానంటే నీ ఇష్టం. ఏది తేల్చుకున్నా పెళ్ళికి ముందే తేల్చుకుని, అన్ని కాగితాల్లోనూ ఒక్కటే ఉండేలా చూసుకో. లేకపోతే ఉద్యోగమొచ్చే వేళకు ఆఫీసుల చుట్టూ ప్రదక్షిణలు తప్పవు.

పోయినవాటిని వెతికి పట్టుకునే పని కూడా మనదే. ఇంట్లో పెద్దావిడ ఉంటే పక్కన కూర్చుని ఆమె పుట్టింటి పేరు, ఆమె అమ్మగారి పుట్టింటి పేరు, ఆ ఊళ్ళు అడిగి రాసుకో. రెండు తరాలు వెనక్కి వెళ్ళేసరికి నీకు నాలుగు దాకా ఇంటిపేర్లు లెక్కకొస్తాయి. కాగితాల మీద మిగిలింది అందులో ఒక్కటే.

ఆ తర్వాత మీ ఇంట్లో పెళ్ళి కుదిరి, ఛత్తాబజార్‌లో శుభలేఖలు అచ్చుకిచ్చేటప్పుడు, ‘ఫలానా గారి మనుమరాలు’ అన్న చోట తాతగారి పక్కన అమ్మమ్మగారిని కూడా పుట్టింటి పేరుతో సహా వేయించు. ‘ఇదేం కొత్త పద్ధతి’ అని బావగారు గొణుగుతారు, గొణగనీ. ప్రెస్సువాడు మాత్రం ఆ ఒక్క లైనుకు ఎక్స్‌ట్రా అడగడు.