బొమ్మరిల్లులోకి కొత్త సామాను

బొమ్మరిల్లు కట్టి ఆడుకోనివాళ్లు మీలో ఎవరూ ఉండరు. ఇసుకతో గోడలు లేపుతాం. అగ్గిపెట్టెలతో మంచాలూ బీరువాలూ చేస్తాం. గుడ్డపీలికలతో బొమ్మలకు బట్టలు కడతాం. ఈ ఆటనే కంప్యూటర్ తెరమీదికి తెచ్చినది 'ద సిమ్స్' అనే ఆట. ఇందులో బొమ్మలకు ఆకలి వేస్తుంది, నిద్ర వస్తుంది, విసుగు పుడుతుంది. వాటికి ఇల్లు కట్టడం, తిండి పెట్టించడం, ఉద్యోగం చూపించడం మన పని. గెలుపూ ఓటమీ లేని ఆట ఇది.

దీన్ని రూపొందించినవాడు విల్ రైట్ అనే అమెరికన్. 1991లో కాలిఫోర్నియాలోని ఓక్లండ్ కొండల్లో చెలరేగిన మంటల్లో ఆయన ఇల్లు కాలిపోయింది. మళ్లీ ఒక్కొక్క వస్తువే కొనుక్కుంటున్నప్పుడు, మనిషి బతకడానికి నిజంగా ఏమేమి కావాలి అన్న ఆలోచన ఆయనకు వచ్చింది. ఆ ఆలోచనలోంచి పెరిగిన ఈ ఆట 2000 ఫిబ్రవరిలో విడుదలైంది. తరవాత రెండోది 2004లో, మూడోది 2009లో, నాలుగోది 2014లో వచ్చాయి. 2022 అక్టోబరులో నాలుగో ఆట మూలభాగాన్ని ఉచితం చేశారు. మనం ఈ పాఠంలో చెప్పుకోబోయేది ఈ నాలుగో ఆట గురించే.

ఆట ఇచ్చిన బీరువాలో బట్టలు చాలానే ఉంటాయి. కాని మీకు నచ్చిన అంచు చీర అందులో లేదనుకోండి. మీ ఇంట్లో ఉన్నలాంటి పడక్కుర్చీ లేదనుకోండి. అప్పుడేం చేయాలి? ఎవరో ఒకరు వాటిని తయారుచేసి అందరికీ పంచిపెట్టి ఉంటే, మనం తెచ్చుకొని ఆటలో కలుపుకోవచ్చు. ఇలా బయటినుంచి చేర్చే సరుకునే 'మోడ్‌లు' అంటారు. అయితే వీటిని ఎలాపడితే అలా కుక్కితే ఆట ఆగిపోతుంది. నెలల తరబడి కట్టుకున్న ఇల్లు పాడైపోవచ్చు. కంప్యూటర్‌కే హాని జరగవచ్చు కూడా. కాబట్టి లోపల జరిగేదేమిటో ముందు తెలుసుకుందాం.

చట్రమూ, కాగితమూ

గాలిపటం ఎలా చేస్తారో మీకు తెలుసు. వెదురు పుల్లల చట్రం ఒకటి, దానిమీద అంటించే రంగు కాగితం ఒకటి. కంప్యూటర్ ఆటలో కనిపించే ప్రతి వస్తువూ ఇంతే. కుర్చీ ఆకారాన్ని చిన్న చిన్న త్రిభుజాలతో అల్లిన వల చూపిస్తుంది. దీని పేరు మెష్. ఆ వలమీద పరిచే బొమ్మ పేరు టెక్స్చర్. ఒకే మెష్‌మీద పది టెక్స్చర్లు పరిస్తే పది రంగుల కుర్చీలు తయారవుతాయి.

ఇక్కడే చాలామందికి ఒక చిక్కు ఎదురవుతుంది. కొందరు కొత్త ఆకారం చేయరు. వేరొకరు చేసిన ఆకారానికి కొత్త రంగు మాత్రం వేస్తారు. అలాంటి ఫైలును తెచ్చుకుంటే కాగితం తెచ్చుకొని పుల్లలు మరిచినట్టే. అసలు మెష్ ఉన్న ఫైలును కూడా తెచ్చుకోవాలి. తయారుచేసినవారు రాసిన సూచనల్లో 'మెష్ కావాలి' అని ఉందేమో చూడటం అందుకే.

రెండు రకాల ఫైళ్లు

ఫైలు పేరు చివర చుక్క పెట్టి రాసే ముక్కను బట్టి దాని రకం తెలుస్తుంది. సిమ్స్ 4 మోడ్‌లలో ముఖ్యమైనవి రెండు రకాలు.

మొదటిది 'ప్యాకేజ్'. ఇది ఒక మూట. మెష్‌లు, టెక్స్చర్లు, వస్తువు ధర, అది ఏ బొమ్మకు ఎంత హాయినిస్తుంది వంటి వివరాలు ఇందులో ఉంటాయి. ఇలా మూట కట్టే పద్ధతి 2003లో వచ్చిన 'సిమ్‌సిటీ 4' కాలంనుంచీ ఉంది.

రెండోది 'టీఎస్4స్క్రిప్ట్'. ఇందులో ఉండేది సరుకు కాదు, ప్రోగ్రాం. మీలో కొందరు బడిలో నేర్చుకుంటున్న పైథాన్ భాషలోనే దీన్ని రాస్తారు. బొమ్మలకు కొత్త పనులు నేర్పేవీ, ఆట నియమాలు మార్చేవీ ఎక్కువగా ఈ రకంవే.

ఈ తేడా బాగా గుర్తుంచుకోండి. కుర్చీ కుర్చీలాగే పడి ఉంటుంది. ప్రోగ్రాం మాత్రం పని చేస్తుంది. ఏం పని చేస్తుందన్నది రాసినవారి ఇష్టం.

పాత వస్తువు చెరిగిపోతుందా?

పోదు. కొత్త చీర ఫైలును పెట్టినప్పుడు ఆట అసలు ఫైళ్లలో ఒక్క అక్షరం కూడా మారదు. మరి కొత్త చీర ఎలా కనిపిస్తుంది?

ఉత్తరం మీద జిల్లా, ఊరు, ఇంటి నంబరు రాస్తాం కదా! అలాగే ఆటలోని ప్రతి వస్తువుకూ మూడు భాగాల చిరునామా ఉంటుంది. రకం, గుంపు, సంఖ్య. మొదటి రెండూ 32 బిట్ల అంకెలు. మూడోది 64 బిట్లది. 64 బిట్లతో ఎన్ని వేర్వేరు సంఖ్యలు రాయవచ్చో తెలుసా? సుమారుగా 1844 రాసి పక్కన 16 సున్నాలు పెట్టినన్ని! అందుచేత ఎవరికివారు సరిగా సంఖ్య ఎంచుకుంటే, ఇద్దరికి ఒకే సంఖ్య తగలడం దాదాపు అసంభవం.

ఆట మొదలయ్యేటప్పుడు తన సరుకునూ, మీ మోడ్‌లనూ చదివి ఒక పట్టిక వేసుకుంటుంది. ఇక్కడ మూడు సంగతులు జరగవచ్చు.

ఒకటి: మీ మోడ్‌ది కొత్త చిరునామా. అప్పుడు బీరువాలో ఒక వస్తువు పెరుగుతుంది.

రెండు: మీ మోడ్‌కూ ఆటలోని పాత వస్తువుకూ కావాలనే ఒకే చిరునామా ఇచ్చారు. అప్పుడు ఆట మీ మోడ్‌లోనిదే తీసుకుంటుంది. పాత వస్తువు ఉన్నచోటనే ఉంటుంది కాని కనిపించదు. మోడ్‌ను తీసేస్తే మళ్లీ కనిపిస్తుంది.

మూడు: రెండు మోడ్‌లకు ఒకే చిరునామా ఉంది. అప్పుడు ఒకటే నెగ్గుతుంది. రెండోది పనిచేయదు. ఒక్కొక్కసారి రెండూ కలిసి ఆటను తికమక పెడతాయి. దీన్నే మోడ్‌ల తగాదా అనవచ్చు.

ఎక్కించే పద్ధతి

1. ముందుగా మోడ్‌లేవీ లేకుండా ఆటను ఒకసారి తెరిచి మూయండి. అప్పుడు కావలసిన ఫోల్డర్లను అదే తయారుచేసుకుంటుంది.

2. కంప్యూటర్‌లో డాక్యుమెంట్స్ ఫోల్డర్ తెరవండి. అందులో ఎలక్ట్రానిక్ ఆర్ట్స్, దానిలో ద సిమ్స్ 4 ఉంటాయి. అక్కడ 'సేవ్స్' అనే ఫోల్డర్ కనిపిస్తుంది. మీరు ఆడిన ఆటంతా భద్రంగా ఉండేది అందులోనే. దానికి నకలు తీసి వేరేచోట దాచండి. ఈ ఒక్క పనీ మానకండి.

3. తెచ్చుకున్న ఫైలు 'జిప్' రకమైతే దాన్ని విప్పండి. జిప్ మూటలో ఉన్న సరుకును ఆట చదవలేదు. అయితే టీఎస్4స్క్రిప్ట్ ఫైలును మాత్రం విప్పకూడదు. అది ఉన్నది ఉన్నట్టే ఉండాలి.

4. ఆ ఫైళ్లను ద సిమ్స్ 4లో ఉన్న 'మోడ్స్' ఫోల్డర్‌లో పెట్టండి. బట్టలు, జుట్టు, సామాను అని లోపల చిన్న ఫోల్డర్లు చేసుకోవచ్చు. కాని లోతుకు హద్దుంది. ప్యాకేజ్ ఫైళ్లను ఐదు ఫోల్డర్ల లోతువరకు ఆట వెతుకుతుంది. స్క్రిప్టులనైతే ఒక్క ఫోల్డర్ లోతువరకే. మోడ్స్‌లో ఉండే 'రిసోర్స్' అనే చిన్న ఫైలు ప్యాకేజ్‌లను ఎక్కడెక్కడ వెతకాలో ఆటకు చెబుతుంది. దాన్ని చెరపకండి.

5. ఆటను తెరిచి, గేమ్ ఆప్షన్స్‌లో 'అదర్' అన్నచోట మోడ్‌లను అనుమతించే గడిలో టిక్కు పెట్టండి. స్క్రిప్టులకు వేరే గడి ఉంటుంది. మార్పును ఒప్పుకొని ఆటను మూసి మళ్లీ తెరవండి. పట్టిక వేసుకోవడం ఆరంభంలోనే జరుగుతుంది కాబట్టి మూసి తెరవడం తప్పదు.

కంపెనీ ఆటకు కొత్త సవరణ విడుదల చేసినప్పుడల్లా ఈ టిక్కులు వాటంతట అవే పోతాయి. ఇది లోపం కాదు, జాగ్రత్త. స్క్రిప్టులు ఆటలోని ప్రోగ్రాం భాగాలను పేరుపెట్టి పిలుస్తుంటాయి. సవరణలో ఆ భాగం మారితే పాత స్క్రిప్టు పిలిచినా పలికేవారుండరు. కాబట్టి తయారీదారు కొత్త ప్రతి ఇచ్చేవరకు పాత స్క్రిప్టును తీసి పక్కన ఉంచండి. బట్టలు, సామాను సాధారణంగా అంత తొందరగా చెడిపోవు.

దొంగను పట్టడం ఎలా?

మీరు 64 ఫైళ్లు ఎక్కించారు. ఆట మధ్యలో ఆగిపోతోంది. తప్పు ఏ ఫైలుది?

ముందుగా మోడ్‌లన్నీ బయటికి తీసి చూడండి. అప్పుడూ ఆగిపోతే తప్పు మోడ్‌లది కాదు. బాగా నడిస్తే దొంగ ఆ 64లోనే ఉన్నాడు.

ఒక్కొక్క ఫైలే పెట్టి చూస్తే 63 సార్లు ఆటను తెరవవలసి రావచ్చు. ఒక్కోసారికి 3 నిమిషాలు వేసుకున్నా మూడు గంటలు దాటుతుంది. దీనికి మంచి ఉపాయం ఉంది. 32 ఫైళ్లు మాత్రం పెట్టండి. తప్పు కనిపిస్తే దొంగ అందులో ఉన్నాడు. కనిపించకపోతే మిగతా 32లో ఉన్నాడు. దొంగ ఉన్న సగాన్ని మళ్లీ సగం చేయండి. 32, 16, 8, 4, 2, 1. ఆరుసార్లలో, అంటే 18 నిమిషాల్లో దొరికిపోతాడు. నిఘంటువులో మాట వెతికేటప్పుడు మధ్యకు తెరిచి, ముందుకో వెనక్కో పోతాం చూడండి, ఆ పద్ధతే ఇది. వెయ్యి ఫైళ్లున్నా పదిసార్లు చాలు. ఎందుచేతనంటే 2ను పదిసార్లు వేసి గుణిస్తే 1024 వస్తుంది.

ఒక్కొక్కసారి వింత జరుగుతుంది. మొదటి సగం పెడితే ఆట బాగుంటుంది. రెండో సగం పెట్టినా బాగుంటుంది. రెండూ కలిపితే తప్పు! అంటే దొంగ ఒకడు కాదు. ఇద్దరు తగాదా పడుతున్నారు. అప్పుడు మొదటి సగాన్ని కదపకుండా ఉంచి, రెండో సగాన్నే సగాలు చేస్తూ పోండి. ఐదుసార్లలో ఒకడు దొరుకుతాడు. తరవాత వాణ్ణి లోపల ఉంచి, మొదటి సగాన్ని సగాలు చేయండి. మరో ఐదుసార్లలో రెండోవాడూ దొరుకుతాడు.

ఈ పరీక్ష జరిగినంతసేపూ మీ అసలు ఆటను తెరిచి భద్రపరచకండి. మోడ్ తీసేసినప్పుడు అందులోని కుర్చీ ఇంట్లోంచి మాయమవుతుంది. ఆ స్థితిలో భద్రపరిస్తే మళ్లీ మోడ్ పెట్టినా కుర్చీ రాకపోవచ్చు. పరీక్షకు కొత్త ఆట ఒకటి మొదలుపెట్టుకోండి.

ఎవరిని లోపలికి రానివ్వాలి?

స్క్రిప్టు అంటే ప్రోగ్రాం అని చెప్పుకున్నాం. కొత్తవాడికి ఇంటి తాళంచెవి ఇచ్చినట్టే దాన్ని కంప్యూటర్‌లోకి రానివ్వడం. 2024లో ఈ ఆటకు చేసిన కొన్ని స్క్రిప్టు మోడ్‌లలో హానికరమైన ప్రోగ్రాం దాగి ఉన్నట్టు బయటపడింది. ఇంటి కంప్యూటర్‌లో అమ్మానాన్నల బ్యాంకు సంగతులు కూడా ఉండవచ్చు. పోతే మీ బొమ్మరిల్లు ఒక్కటే పోదు.

అందువల్ల ఈ నియమాలు పెట్టుకోండి. మోడ్‌ను తయారుచేసినవారి సొంత చోటునుంచే తెచ్చుకోండి. చేతులు మారి వచ్చినదాన్ని తాకకండి. కుర్చీకో చీరకో స్క్రిప్టు అక్కర్లేదు. అలాంటిదానితో స్క్రిప్టు వస్తే అనుమానించండి. నేరుగా నడిపించమని 'ఈఎక్స్ఈ' ఫైలు ఇస్తే వద్దనండి. పెద్దవాళ్లకు చెప్పకుండా ఏదీ ఎక్కించకండి. ఒక నోటుపుస్తకంలో తేదీ, మోడ్ పేరు, చేసినవారి పేరు, అది దేన్ని మారుస్తుంది అన్నవి రాసుకోండి. ఒకసారికి ఒకటో రెండో మోడ్‌లే కలిపి ఆడి చూడండి. అప్పుడు తప్పు వస్తే, నిన్న కలిపింది ఏమిటో పుస్తకమే చెబుతుంది.

ఆలోచించండి

1. 128 ఫైళ్లలో ఒక దొంగ ఉన్నాడు. ఎన్నిసార్లలో పట్టవచ్చు?

2. రాణి ఒక స్క్రిప్టును మోడ్స్‌లో 'ఆటలు', దానిలో 'కొత్తవి' అనే ఫోల్డర్‌లో పెట్టింది. అది పనిచేయలేదు. ఎందుకు?

3. రవి తెచ్చిన రంగుల కుర్చీ ఫైలు సరైన చోటే ఉంది. కుర్చీ మాత్రం కనిపించలేదు. మీరు ముందు దేన్ని అనుమానిస్తారు?

(జవాబులు: 1. ఏడుసార్లలో. 2. రెండు ఫోల్డర్ల లోతు అయింది. స్క్రిప్టుకు ఒకటే హద్దు. 3. అది రంగు మాత్రమే అయి ఉండవచ్చు. అసలు మెష్ ఉందో లేదో చూడాలి.)