రౌడీషీటులో పేరు: ‘అలవాటుగా’ అన్న మాట విలువ

ఆంధ్రప్రదేశ్, తెలంగాణ పోలీసు స్టేషన్లలో తెరిచే రౌడీషీటు ఏ న్యాయస్థానమూ ఇచ్చిన తీర్పు కాదు. శాంతికి భంగం కలిగిస్తారని భావించిన వారి కదలికలను, సాంగత్యాన్ని నమోదు చేసుకోవడానికి, పోలీసు స్టాండింగ్ ఆర్డర్లలో 601వ దాని మేరకు, డీఎస్పీ లేదా ఏసీపీ గాని అంతకు పై అధికారి గాని ఇచ్చిన ఉత్తర్వుతో తెరిచే అంతర్గత దస్త్రం మాత్రమే. అయినా ఎన్నికలు వచ్చినా, ఊరేగింపు జరిగినా స్టేషను నుంచి కబురు రావడం, ‘కౌన్సెలింగ్’ పేరిట బెంచీ మీద కూర్చోబెట్టి సంతకం తీసుకోవడం, వీధిలో పిల్లలు సైతం ఆ ఇంటిని వేలెత్తి చూపడం శిక్ష కంటె తక్కువేమీ కావు. శిక్షకైనా ఒక గడువు ఉంటుంది.

అలవాటుగా నేరాలు చేసేవారిపై షీటు తెరవవచ్చనే ఆ ఆర్డరులో ముందుగా చూడవలసిన మాట ‘అలవాటుగా’ అన్నది. విజయ్ నారాయణ్ సింగ్ కేసులో 1984లో సుప్రీంకోర్టు, ముందస్తు నిర్బంధ చట్టం సందర్భంలో, ఈ మాటకు పదేపదే, ఒక వరుసగా చేయడమని అర్థం చెప్పి, విడివిడిగా జరిగిన ఒకటి అరా సంఘటనలు అందుకు చాలవని తేల్చింది. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ హైకోర్టు కూడా ఒకటి రెండు కేసుల ఆధారంగా తెరిచిన రౌడీషీట్లను పలుమార్లు తప్పుపట్టింది. పొలం గట్టు తగాదాలో దాయాదులు ఒక్కసారి పెట్టుకున్న కేసును ‘అలవాటు’ అనడం భాషకూ పొసగదు, చట్టానికీ పొసగదు.

నిఘా జాబితాలో పేరు చేర్చేముందు నోటీసు ఇవ్వనక్కరలేదని మలక్ సింగ్ కేసులో (1980) సుప్రీంకోర్టు చెప్పిన మాట నిజమే గాని, ఆ చేర్పునకు సహేతుకమైన నమ్మకం ఉండాలనీ, ఎవరైనా సవాలు చేస్తే ఆ నమ్మకానికి ఆధారమేమిటో అధికారి న్యాయస్థానానికి చూపవలసి రావచ్చనీ అదే తీర్పు చెప్పింది. నిఘా పేరిట రాత్రివేళ ఇళ్లకు వెళ్లి తలుపు తట్టే నిబంధనను ఖరక్ సింగ్ కేసులో 1962లోనే కొట్టివేశారు. షీటును ఏటా కొనసాగించాలంటే గెజిటెడ్ అధికారి ఉత్తర్వు కావాలని 602వ ఆర్డరు చెబుతుంది. పాత షీట్లు ఏళ్ల తరబడి యాంత్రికంగా కొనసాగుతున్నచోట సవాలు చేయవలసిన బలహీనత ఈ ఉత్తర్వు లేకపోవడమే. 2024 మే నెలలో ఢిల్లీకి చెందిన ఒక కేసులో సుప్రీంకోర్టు, ఇటువంటి దస్త్రాలు బహిరంగపరచదగినవి కావనీ, వెనుకబడిన వర్గాల, విముక్త జాతుల అమాయకులపై వాటిని యాంత్రికంగా తెరవరాదనీ హెచ్చరించింది. ‘నేరస్థ జాతి’ ముద్ర మోసిన స్టువర్టుపురం చరిత్ర తెలిసిన తెలుగువారికి ఈ హెచ్చరిక బరువు వేరే చెప్పనక్కరలేదు.

బాధితుడు మొదట చేయవలసినది, తన మీద నడిచిన ప్రతి కేసులోనూ కోర్టు నుంచి తీర్పు ధ్రువీకృత నకలు తీసుకోవడం. ఏ సంవత్సరపు కేసు ఎలా ముగిసిందో వరుసగా రాసి, షీటు మూసివేయాలని కోరుతూ ఎస్పీకి లేదా కమిషనరుకు అర్జీ పెట్టి, తన వద్ద ఉంచుకునే ప్రతి మీద తేదీతో సహా కార్యాలయ ముద్ర వేయించుకోవాలి. షీటు తెరిచిన, కొనసాగించిన ఉత్తర్వుల నకళ్లను సమాచార హక్కు చట్టం కింద 10 రూపాయల రుసుముతో అడగవచ్చు. దర్యాప్తుకు ఆటంకమనే మినహాయింపు చూపి నిరాకరిస్తే, ఆ నిరాకరణ పత్రం కూడా తరువాత పనికివస్తుంది. అర్జీకి జవాబు రాకపోయినా, తిరస్కరించినా, రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్ పిటిషను, అంటే ప్రభుత్వాధికారి చర్యను నేరుగా ప్రశ్నించే అర్జీ, వేయవచ్చు. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు, నిర్ణీత ఆదాయ పరిమితికి లోబడిన వారికి ఇందుకు న్యాయవాదిని న్యాయసేవాధికార సంస్థే ఉచితంగా ఏర్పాటు చేస్తుంది. షీటు మూసివేయాలని ఉత్తర్వు వచ్చాక దాని నకలును స్టేషనులో స్వయంగా అందజేసి, మూసివేసినట్లు రాతపూర్వకంగా తీసుకోవడం మరువరాదు. పై అధికారి మూసిన పేరు స్టేషను గోడ మీది ఫొటోల వరుసలో మిగిలిపోతే ‘కౌన్సెలింగ్’ పిలుపు ఆగదు.