ఒక్క పూటలో రాజధాని

ఉద్దేశం

అల్పవ్యయంతో, పరిమిత కాలంలో చేసే విజ్ఞానయాత్రను ఫలవంతం చేసుకొనే విధానాన్ని తెలపడం, మార్గదర్శి చెప్పిన మాటను శ్రద్ధగా ఆలకించి సరిచూసుకొనే వివేకాన్ని విద్యార్థులలో పెంపొందించడం ఈ పాఠ్యభాగం ఉద్దేశం.

ప్రవేశిక

తెలుగువారి యాత్రారచనలలో ఏనుగుల వీరాస్వామయ్య రచించిన 'కాశీయాత్ర చరిత్ర'కు విశిష్టస్థానం ఉంది. ఆయన 1830లో మద్రాసు నుండి బయలుదేరి, శ్రీశైలాన్ని దర్శించి, కృష్ణానదిని దాటి, పాలమూరు సీమ మీదుగా హైదరాబాదు చేరాడు. దారి ఎట్లా ఉంది, బస ఎక్కడ దొరుకుతుంది, ఏ ఊళ్లో ఏ వస్తువులు లభిస్తాయి మొదలైన విషయాలన్నింటినీ ఓపికగా వ్రాసుకొన్నాడు. ఆ వ్రాత 1838లో అచ్చయింది. ఆయనకు పదిహేను నెలలకు పైగా సమయం ఉంది. నేటి విద్యార్థికి తరచు లభించేది ఒక్క పూట. అయినా కన్ను తెరచి చూడడం, చూసినది వ్రాసుకోవడం అనే రెండు గుణాలు ఇద్దరికీ సమానంగా అవసరమే.

పాఠ్యభాగం

అమ్రాబాదు నల్లమల అడవుల నడుమ, పీఠభూమిపై వెలసిన మండలకేంద్రం. పూర్వం మహబూబ్‌నగర్ జిల్లాలో ఉండేది. 2016లో జిల్లాల పునర్వ్యవస్థీకరణ జరిగినప్పుడు నాగర్‌కర్నూలు జిల్లాలో చేరింది. అక్కడినుండి హైదరాబాదుకు దూరం సుమారు 150 కిలోమీటర్లు. ఆ ప్రాంతపు విద్యార్థి రాజధానికి రావడం అరుదు కాదు. ప్రవేశపరీక్ష వ్రాయడానికో, ఆసుపత్రిలో ఉన్న బంధువును చూడడానికో, ధ్రువపత్రం కోసమో వస్తూనే ఉంటాడు. పని ముగించుకొని వచ్చిన దారినే వెనుదిరుగుతాడు. నగరం అతనికి ఒక బస్టాండు, ఒక కార్యాలయం, ఒక పొడవైన వరుస మాత్రమే. ఇన్నిమార్లు వచ్చినా అది ఎవరిదో నగరమన్న సంకోచం అతనిలో తొలగిపోదు. ఈ సంకోచాన్ని తొలగించే శక్తి క్రమపద్ధతిలో గడిపిన ఒక్క పూటకు ఉంది.

పెద్ద రాజధానులు అనేకంలో పూటయాత్రలు వాడుకలో ఉన్నాయి. బస్సులో కూర్చోబెట్టి, ఇరవై స్థలాలను చకచకా చూపి, సాయంత్రానికి దించివేయడం వాటిలో సాధారణ పద్ధతి. కొండను అద్దంలో చూపినట్లుండే ఆ దర్శనంలో పేర్లు మిగులుతాయి గాని స్థలాలు మనసులో నిలువవు. తక్కువ ధనం, తక్కువ సమయం ఉన్న విద్యార్థికి దీనికి భిన్నమైన మార్గం మేలు. నగరమంతా చుట్టి రావాలని ఆరాటపడక, నగరం పుట్టిపెరిగిన ఒక్క బాటను ఎన్నుకొని, దానిని కాలినడకన చూడాలి. హైదరాబాదులో అటువంటి బాట మూసీనది ఒడ్డు నుండి చార్మినారు వరకు ఉంది. అమ్రాబాదు వైపు నుండి వచ్చే ప్రయాణికుడు బస్సు దిగే మహాత్మాగాంధీ బస్‌స్టేషను ఆ బాటకు ముఖద్వారం వంటిది.

తెల్లవారుజామున బయలుదేరి అచ్చంపేట, కల్వకుర్తి మీదుగా వచ్చే బృందానికి ఉదయం పది గంటల నుండి మధ్యాహ్నం మూడు గంటల వరకు సమయం చిక్కుతుంది. తెలంగాణలో 2023 డిసెంబరు 9 నుండి పల్లెవెలుగు, ఎక్స్‌ప్రెస్ బస్సులలో బాలికలకు, మహిళలకు ఉచిత ప్రయాణసౌకర్యం కల్పించబడింది. ఇంటినుండి తెచ్చుకొన్న సద్దిమూట భోజనఖర్చును తప్పిస్తుంది. మిగిలేవి ప్రవేశరుసుములు, గైడుకు ఇవ్వవలసిన పారితోషికం. పదిమంది కలిసి పంచుకొంటే అదీ భారం కాదు. పారితోషికం ఎంతో, అతడు ఏయే స్థలాలు చూపుతాడో ముందుగానే మాట్లాడుకోవడం ఉభయులకూ మంచిది. సాలార్‌జంగ్ మ్యూజియానికి, చౌమహల్లా ప్యాలెస్‌కు శుక్రవారం సెలవు కనుక యాత్రకు మరొక దినాన్ని ఎంచుకోవాలి.

బస్‌స్టేషను ఉన్న ప్రాంతాన్ని ఇమ్లీబన్ అంటారు. ఇమ్లీబన్ అంటే చింతతోపు. అఫ్జల్‌గంజ్ వైపు కొద్దిదూరం నడిస్తే ఉస్మానియా ఆసుపత్రి ప్రాంగణంలో ఒక వృద్ధ చింతచెట్టు కనిపిస్తుంది. 1908 సెప్టెంబరు 28న మూసీనది ఉప్పొంగి నగరాన్ని ముంచెత్తింది. వేలమంది ప్రాణాలు కోల్పోయారు. ఆనాడు ఈ చెట్టుకొమ్మలను పట్టుకొని సుమారు 150 మంది బ్రతికి బయటపడ్డారని ప్రతీతి. అడవి ఒడిలో పెరిగిన విద్యార్థికి చెట్టు విలువను వేరుగా చెప్పనక్కరలేదు. కాని మహానగరం సైతం ఒకనాడు చెట్టునే శరణుకోరిందన్న సంగతి అతనికి కొత్తగా తోస్తుంది.

ఆ విపత్తు నగరం రూపురేఖలను మార్చివేసింది. నివారణోపాయాలు సూచించడానికి నాటి నిజాం ప్రభుత్వం మోక్షగుండం విశ్వేశ్వరయ్యను ఆహ్వానించింది. ఎగువన జలాశయాలు నిర్మించి వరదను అరికట్టాలని ఆయన సూచించాడు. ఆ సూచనల ఫలితంగా మూసీపై ఉస్మాన్‌సాగర్ 1920లోను, దాని ఉపనది ఈసీపై హిమాయత్‌సాగర్ 1927లోను పూర్తయ్యాయి. ముంచివేసిన నీరే తాగునీరై నగరాన్ని పోషించింది. నగరం పెరిగినకొద్దీ ఆ జలాశయాలు చాలలేదు. నాగార్జునసాగరం నుండి కృష్ణాజలాలను తరలించే పథకం తొలిదశ 2004లో పూర్తయింది. అమ్రాబాదు అడవుల అంచును ఒరసికొంటూ సాగే కృష్ణమ్మే ఇక్కడి కుళాయిలో ప్రవహిస్తున్నదని గ్రహించిన విద్యార్థికి నయాపూల్ మీద నిలిచినప్పుడు నగరం పరాయిదిగా తోచదు.

వంతెన దాటగానే కుడివైపున నదిగట్టున ఎఱ్ఱరాతి సొబగులతో హైకోర్టు భవనం కనిపిస్తుంది. అది 1920లో ప్రారంభమైంది. ఎడమవైపున సాలార్‌జంగ్ మ్యూజియం ఉంది. మూడవ సాలార్‌జంగుగా ప్రసిద్ధుడైన మీర్ యూసుఫ్ అలీఖాన్ జీవితకాలమంతా సేకరించిన వస్తుసంపద దీనికి మూలధనం. ఆయన 1949లో మరణించాడు. 1951లో ఆయన నివాసమైన దివాన్ దేవిడీలో మ్యూజియం ఏర్పడింది. 1961లో పార్లమెంటు దీనిని జాతీయ ప్రాముఖ్యం గల సంస్థగా ప్రకటించింది. 1968లో ఇది ప్రస్తుత భవనానికి మారింది. ఇందులోని వస్తువులన్నింటినీ చూడడానికి ఒక దినమైనా చాలదు. అందుచేత ప్రతి విద్యార్థి రెండుమూడు వస్తువులను ఎంచుకొని నిలిచి చూడడం ఉత్తమం. ఇటలీ శిల్పి బెంజోనీ 1876లో చెక్కిన 'మేలిముసుగు రెబెక్కా' వాటిలో ఒకటి. కఠినమైన పాలరాతిలో, ముఖం కనిపించేటంత పలుచని వస్త్రాన్ని శిల్పి భ్రమింపజేశాడు. గంట గంటకు చిన్నబొమ్మ బయటికి వచ్చి గంట కొట్టే గడియారం మరొకటి. ఆ క్షణంకోసం ఎందరో దానిముందు వేచి ఉంటారు. గంట కొట్టిన మరుక్షణం లేచిపోకుండా ఆ యంత్రం ఎట్లా పనిచేస్తుందని అడిగే విద్యార్థి ఉంటే ఆ యాత్ర ధన్యమైనట్లే.

మ్యూజియం నుండి పత్తర్‌గట్టీ మీదుగా దక్షిణానికి సాగే వీథి చార్‌కమాన్‌లను, గుల్జార్‌హౌజ్‌ను దాటి చార్మినారును చేరుతుంది. మహమ్మద్ కులీ కుతుబ్ షా 1591లో దీనిని నిర్మించాడు. నాలుగు దిక్కులకు తెరచిన నాలుగు తోరణాలు, వాటినుండి సాగిన నాలుగు వీథులు నగరప్రణాళికకు ఇది కేంద్రమని చాటుతున్నాయి. గోల్కొండకోట లోపల జనం కిక్కిరిసి, నీటికి కొరత ఏర్పడగా, రాజధాని మూసీ దక్షిణతీరానికి విస్తరించింది.

ఇక్కడ గైడు కంఠం హెచ్చుతుంది. మహమ్మారి తొలగిన సందర్భంగా చార్మినారును కట్టారని ఒకరు, రాజు ప్రేయసి భాగమతిని తొలిసారి చూసిన చోట కట్టించాడని మరొకరు, ఇక్కడినుండి గోల్కొండకు రహస్యపు సొరంగం ఉందని ఇంకొకరు చెబుతారు. అన్నీ వినసొంపుగానే ఉంటాయి. కాని వినసొంపైనదంతా చరిత్ర కాదు. హిజ్రీ శకం వేయవ సంవత్సరం 1591లో ఆరంభమైంది. ఆ సందర్భానికి, కొత్త నగర స్థాపనకు గుర్తుగా ఈ కట్టడం వెలసిందని భావించే చరిత్రకారులు ఉన్నారు. భాగమతి విషయంలో చరిత్రకారులకు ఏకాభిప్రాయం లేదు. సొరంగానికి నిర్ధారితమైన ఆధారం లేదు. అంతమాత్రాన గైడును తూలనాడడం తగదు. తరతరాలుగా జనం నోట నిలిచిన కథను అతడు అందిస్తున్నాడు. దానిని కథగా స్వీకరించి, చరిత్రను గ్రంథాలలో సరిచూసుకోవడం వినేవారి బాధ్యత.

ఇందుకు ఒక సులభమైన ఉపాయం ఉంది. విద్యార్థి తన నోటుపుస్తకంలో ఒక పుటను మూడు నిలువు గళ్లుగా విభజించుకోవాలి. కంటితో చూసినది మొదటి గడిలో, తేదీలు, పేర్లు మొదలైన సరిచూడవలసిన విషయాలు రెండవ గడిలో, జనశ్రుతి మూడవ గడిలో వ్రాసుకోవాలి. నాలుగు తోరణాలు మొదటి గడిలోనికి, 1591 అనే సంవత్సరం రెండవ గడిలోనికి, సొరంగం మూడవ గడిలోనికి చేరుతాయి. ఇంటికి తిరిగివచ్చిన పిమ్మట రెండవ గడిని గ్రంథాలయంలో పరిశీలించాలి. మూడవ గడిని కొట్టివేయనక్కరలేదు. ఒక నగరం తన గురించి తాను ఏమని చెప్పుకొంటుందో అది తెలుపుతుంది.

చార్మినారుకు సమీపంలోనే మక్కామసీదు ఉంది. 1617 ప్రాంతంలో కుతుబ్‌షాహీల పాలనలో మొదలైన నిర్మాణం, ఔరంగజేబు 1687లో గోల్కొండను జయించిన తరువాత, 1694లో పూర్తయింది. ఒక వంశం మొదలుపెట్టిన పనిని దానిని కూలదోసినవాడు ముగించడం చరిత్రలోని వైచిత్రి. పడమటి దిక్కున లాడ్‌బజారు లక్కగాజుల తళుకులతో మెరుస్తుంది. హైదరాబాదు లక్కగాజులకు 2024లో భౌగోళిక గుర్తింపు లభించింది. మోదుగ వంటి చెట్లపై జీవించే చిన్నపురుగులు స్రవించే జిగురే లక్క. మోదుగ నల్లమలకు కొత్త కాదు. అద్దాలు పొదిగిన ఆ గాజు వెనుక ఏదో ఒక అడవి ఉందన్నమాట.

చివరి మజిలీ చౌమహల్లా. నాలుగు మహళ్ల సముదాయం కనుక ఆ పేరు వచ్చింది. 18వ శతాబ్ది మధ్యభాగంలో మొదలైన ఈ నిర్మాణం 19వ శతాబ్దిలో పూర్తయింది. ఆసఫ్‌జాహీ ప్రభువులు ఇక్కడ దర్బారు తీర్చేవారు. నిజాము వేటవిడిది శిథిలాలు నేటికీ అమ్రాబాదు అడవిలోని ఫరహాబాదులో ఉన్నాయి. ప్రభువులకు ఆ అడవి వినోదస్థలం. చెంచులకు అది ఇల్లు. పులికి కూడా అది ఇల్లే కనుక నేడు ఆ ప్రాంతం పులుల అభయారణ్యంగా రక్షణ పొందుతున్నది. దీపకాంతుల దర్బారులో నిలిచి అడవిబిడ్డ ఈ సంగతిని తలచుకొన్నప్పుడు, రాజధాని చరిత్రలో తన ఊరికి కూడా ఒక పుట ఉందని గ్రహిస్తాడు. ఆ పుటను గైడు చెప్పకపోవచ్చు. చెప్పవలసినవాడు ఆ విద్యార్థే.

మూడు గంటలవుతుంది. గోల్కొండకోట, కుతుబ్‌షాహీ సమాధులు, హుస్సేన్‌సాగరం, శాసనసభాభవనం మిగిలిపోతాయి. ఇది లోటు కాదు. 1591 నుండి ఈ నగరం ఎన్నో పాలనలను చూసింది. 1948లో నిజాం పాలన అంతమైంది. 1956లో ఆంధ్రప్రదేశ్‌కు, 2014లో తెలంగాణకు ఇది రాజధాని అయింది. నాలుగు శతాబ్దాల నగరాన్ని ఐదు గంటలలో చూడగలమనుకోవడమే పొరపాటు. పూటయాత్ర పుస్తకం వంటిది కాదు, పుస్తకానికి ముందుండే విషయసూచిక వంటిది. ఏ అధ్యాయం ఎక్కడుందో అది చూపుతుంది. చదవడానికి మరల రావలసి ఉంటుంది. అట్లా రావాలన్న కోరికను, రాగలనన్న ధైర్యాన్ని కలిగించిన యాత్రయే సఫలమైన యాత్ర.

కఠిన పదాలకు అర్థాలు

అల్పవ్యయం = తక్కువ ఖర్చు
సంకోచం = జంకు, వెనుకాడడం
పారితోషికం = చేసిన పనికి ఇచ్చే ప్రతిఫలం
ప్రతీతి = ప్రసిద్ధి, లోకంలో చెప్పుకొనే మాట
జనశ్రుతి = జనం నోట వినవచ్చే మాట
తూలనాడు = నిందించు
వైచిత్రి = వింత
మజిలీ = ప్రయాణంలో ఆగే చోటు

ప్రశ్నలు

అ. ఏకవాక్య సమాధానాలు వ్రాయండి.
1. 'ఇమ్లీబన్' అనే పదానికి అర్థమేమి?
2. మూసీనదికి మహావరద ఏ సంవత్సరంలో వచ్చింది?
3. 'మేలిముసుగు రెబెక్కా'ను చెక్కిన శిల్పి ఎవరు?

ఆ. సంగ్రహంగా సమాధానాలు వ్రాయండి.
1. అమ్రాబాదు ప్రాంతానికి, హైదరాబాదుకు గల సంబంధాలను పాఠం ఆధారంగా తెలపండి.
2. నోటుపుస్తకంలోని మూడు గళ్లవలన కలిగే ప్రయోజనమేమి?

ఇ. వ్యాసరూప సమాధానం వ్రాయండి.
1. పూటయాత్ర విషయసూచిక వంటిదన్న అభిప్రాయాన్ని సమర్థిస్తూ, మీ ఊరికి వచ్చే అతిథికి ఒక్క పూటలో మీరు చూపదలచిన స్థలాలను గూర్చి వ్యాసం వ్రాయండి.