పగలు ఫ్లెక్సీ, రాత్రి వాలొరెంట్

ప్రశ్నలు - జవాబులు

రాజాంలో ఇంజినీరింగ్ కాలేజీ పెట్టింది 1997లో. ఇప్పుడు హాస్టల్ గదుల్లో రాత్రి పది దాటాక వినిపించే కేకలన్నీ పరీక్షల గురించే అనుకుంటే పొరపాటు. గేమింగ్ ల్యాప్‌టాప్ పుస్తకాల పక్కనే ఉంటుంది. ఈసారి ఆ ఊరి నుంచి వచ్చిన ప్రశ్నలు వేర్వేరు మనుషులవైనా, తిరిగి తిరిగి ఒక్కచోటికే వచ్చాయి. ఒక ఆట కోసం మార్చిన రంగులు మిగతా పనులకు అడ్డం పడకుండా ఎలా చూసుకోవాలి?

ప్రశ్న: మాకు చిన్న డీటీపీ షాపు ఉంది. రెండు నెలలుగా కంప్యూటర్లో కళకళలాడే పెళ్లి ఫ్లెక్సీ ప్రింటయి వచ్చేసరికి నీరసంగా ఉంటోంది. ప్రింటింగ్ వాళ్లతో గొడవ కూడా అయింది. రాత్రిళ్లు అదే కంప్యూటర్ మీద మా వాడు వాలొరెంట్ ఆడతాడు. దానికీ దీనికీ ఏమైనా సంబంధం ఉందా?
- షాపు యజమాని, రాజాం

జవాబు: ఉండే అవకాశం చాలా ఎక్కువ. ప్రింటింగ్ వాళ్లతో మళ్లీ మాట కలిపే ముందు ఒక చోట చూడాలి.

ఎన్విడియా కార్డు ఉన్న కంప్యూటర్‌లో 'డిజిటల్ వైబ్రెన్స్' అనే మీట ఒకటి ఉంటుంది. 0 నుంచి 100 దాకా జరుగుతుంది, కంపెనీ పెట్టి ఇచ్చేది 50 దగ్గర. గోడల మధ్య శత్రువు కొట్టొచ్చినట్టు కనబడాలని ఆటగాళ్లు దాన్ని 80కో 100కో తోసేస్తారు. ఏఎండీ కార్డుల్లో ఇదే పని చేసేది 'శాచురేషన్', అక్కడ మామూలు అంకె 100, పై హద్దు 200. చిక్కేమిటంటే ఎన్విడియా కంట్రోల్ ప్యానెల్‌లోని ఆ మీట ఆటకు చెందింది కాదు, మొత్తం తెరకు చెందింది. రాత్రి ఆట ముగిసినా అది అక్కడే ఉంటుంది. పొద్దున్నే కోరల్‌డ్రా తెరిస్తే అదే కళ్లద్దాల్లోంచి చూస్తున్నట్టు లెక్క.

పెళ్లికూతురు ఫొటోనే తీసుకుందాం. వైబ్రెన్స్ 90 మీద ఉంటే పసుపు రాసిన ముఖం నారింజలోకి జారుతుంది, పట్టుచీర ఎరుపు మండిపోతుంది. చూసిన డిజైనర్ చేతులు ఊరుకోవు. "మరీ ఎక్కువైంది" అని ఫైల్లో రంగు దించేస్తాడు. తెర మీద అప్పుడు సరిపోయినట్టే కనబడుతుంది. ప్రింటరుకు ఆ తెరతో పనిలేదు, ఫైల్లో ఉన్నదే వేస్తుంది. ముఖం పాలిపోతుంది, చీర వెలిసిపోతుంది. ఇంకు రంగులకు తెరంత మెరుపు ఎప్పుడూ రాదు కాబట్టి కొంత తేడా ఎలాగూ ఉంటుంది. రెండు నెలల నుంచే కొత్తగా మొదలైన తేడా మాత్రం ఈ మీట పనే కావచ్చు.

డెస్క్‌టాప్ మీద రైట్ క్లిక్ చేసి, ఎన్విడియా కంట్రోల్ ప్యానెల్‌లో డెస్క్‌టాప్ రంగుల పేజీకి వెళ్లి 50కి తెస్తే షాపు పని గాడిన పడుతుంది. మరి రాత్రి ఆటో? దానికి వైబ్రెన్స్‌జీయూఐ అనే ఉచిత ప్రోగ్రామ్ ఉంది. విండోస్‌కు ఒక అంకె, ఒక్కో ఆటకు ఒక్కో అంకె రాసిపెడితే, ఆట తెర ముందుకొచ్చినప్పుడు పెంచుతుంది, పక్కకు తప్పుకోగానే దించుతుంది. ఎన్విడియా, ఏఎండీ రెండిటి మీదా పనిచేస్తుంది. డిజైన్ చేసే వేళల్లో విండోస్ నైట్ లైట్ కూడా ఆపి ఉందో లేదో చూసుకోవాలి. అది తెర మొత్తానికి పసుపు పులుముతుంది.

ప్రశ్న: నా ల్యాప్‌టాప్ చూసి రూమ్మేట్ "ఏట్రా, నీ స్క్రీన్ ఇలా ఎలిసిపోనాది?" అని రోజూ ఏడిపిస్తున్నాడు. ఇద్దరివీ ఎన్విడియా కార్డులే. వాడి ల్యాప్‌టాప్‌లో శత్రువులు ఎర్రగా మెరుస్తారు. నా కంట్రోల్ ప్యానెల్‌లో అసలు రంగుల పేజీయే లేదు.
- ఇంజినీరింగ్ విద్యార్థి, రాజాం

జవాబు: పేజీ లేకపోవడం లోపం కాదు. చాలా ల్యాప్‌టాప్‌లలో తెర వైరు ఎన్విడియా చిప్‌కు కాకుండా ప్రాసెసర్‌లో ఉండే ఇంటెల్ లేదా ఏఎండీ గ్రాఫిక్స్‌కు కలిపి ఉంటుంది. ఎన్విడియా బొమ్మ గీసి ఇస్తుంది, తెరకు పంపేది రెండోది. అందుకే రంగుల మీటలు ఇంటెల్ గ్రాఫిక్స్ కమాండ్ సెంటర్‌లోనో, ఏఎండీ సాఫ్ట్‌వేర్‌లోనో వెతకాలి.

రెండో సంగతి ల్యాప్‌టాప్ కొన్న రోజు ఎవరూ చదవని వరుసలో ఉంటుంది. తక్కువ ధర గేమింగ్ ల్యాప్‌టాప్‌ల వివరాల్లో '45% ఎన్‌టీఎస్‌సీ' అని కనబడుతుంది. కంప్యూటర్ రంగులకు అందరూ కొలబద్దగా వాడే ఎస్‌ఆర్‌జీబీలో సుమారు 60 శాతానికి మించి ఆ తెర చూపలేదని దాని అర్థం. అలాంటి తెర మీద శాచురేషన్ పెంచితే లేని రంగు పుట్టుకురాదు. ఉన్న ఛాయలు ఒకదానిలో ఒకటి కలిసిపోయి, ఎరుపంతా ఒకే ముద్దవుతుంది. రూమ్మేట్‌ది 100% ఎస్‌ఆర్‌జీబీ తెర అయితే ఏ మీటతోనూ అతన్ని అందుకోవడం కుదరదు.

అయినా ఆట గెలవడానికి దారి ఉంది. వాలొరెంట్ సెట్టింగుల్లో యాక్సెసిబిలిటీ కింద శత్రువు అంచు రంగు మార్చుకోవచ్చు. మామూలుగా ఉండేది ఎరుపు. దాన్ని పసుపు చేస్తే నాసిరకం తెర మీద కూడా గోడ రంగు నుంచి విడిపోయి కనబడుతుంది. ఆట లోపల చేసిన మార్పు ఆట దాటి బయటకు రాదన్నది ఇందులో అసలు లాభం.

ఎన్విడియా 2018లో తెచ్చిన ఫ్రీస్టైల్ ఫిల్టర్లూ ఇలాంటివే. ఆట నడుస్తుండగా ఆల్ట్, ఎఫ్3 కలిపి నొక్కితే పక్కన పట్టీ తెరుచుకుంటుంది. అక్కడ మార్చిన రంగు ఆ ఒక్క ఆటకే గుర్తుంటుంది. ఈ ఫిల్టర్లు ఇప్పుడు ఎన్విడియా యాప్‌లో ఉన్నాయి. అయితే అన్ని ఆటల్లోనూ పనిచేయవు, కొన్ని పోటీ ఆటలు వీటిని లోపలికి రానివ్వవు.

ప్రశ్న: పీఎస్4ను హాల్లో టీవీకి పెడితే చీకటి గదుల్లో ఏమీ కనబడటం లేదు. బ్రైట్‌నెస్ పెంచితే నలుపు బూడిద అవుతోంది. అమ్మ సీరియల్ చూసేటప్పుడు మొహాలు తెల్లబడ్డాయని తిట్లు వేరే.
- డిగ్రీ విద్యార్థి, రాజాం

జవాబు: బ్రైట్‌నెస్‌ను మొదట ఉన్న చోటికి తెచ్చేయడం మంచిది, తిట్లు ఆగుతాయి. తప్పు వేరే చోట ఉంది.

కంప్యూటర్ లెక్కలో ఒక రంగు మెట్లు 0 నుంచి 255 దాకా. టీవీ ప్రసారాల ఆనవాయితీలో మాత్రం నలుపు 16 దగ్గర మొదలై తెలుపు 235 దగ్గర ముగుస్తుంది. పీఎస్4 పెట్టె పూర్తి మెట్లు పంపుతూ, టీవీ ప్రసారం లెక్కలో చదువుకుంటే 16 కంటే కింద ఉన్నవన్నీ ఒకటే నలుపు. చీకటి గదిలో దాక్కున్నవాడు అక్కడే పోయాడు. బ్రైట్‌నెస్ పెంచితే నలుపు తేలిపోతుంది తప్ప పోయిన వివరం చాలాసార్లు తిరిగి రాదు. రివర్సులో పడితే బొమ్మ మీద పొగమంచు కమ్మినట్టుంటుంది.

పీఎస్4 వీడియో సెట్టింగుల్లో ఆర్‌జీబీ రేంజ్‌ను ముందు 'ఆటోమేటిక్'లో పెట్టి చూడాలి. తేడా లేకపోతే టీవీలో బ్లాక్ లెవెల్ అనే సెట్టింగును అటూ ఇటూ మార్చి చూడాలి. పెట్టె, టీవీ రెండూ ఒకే లెక్కలోకి వస్తే చాలు. చాలా టీవీలు ఒక్కో హెచ్‌డీఎంఐ రంధ్రానికి బొమ్మ సెట్టింగులు విడివిడిగా గుర్తుపెట్టుకుంటాయి. పీఎస్4 ఉన్నదాంట్లో గేమ్ మోడ్ పెట్టుకుంటే, సెట్‌టాప్ బాక్స్ ఉన్నదాని జోలికి పోనక్కర్లేదు.

ప్రశ్న: మా తమ్ముడు ఇంటర్ చదువుతున్నాడు. బీజీఎంఐ మ్యాప్ మీద జట్టు వాళ్ల గుర్తుల్లో నారింజ ఏదో పచ్చ ఏదో తెలియడం లేదంటాడు. కలర్‌ఫుల్ స్టైల్ పెట్టినా అంతే. ఫోన్ తప్పా, కళ్ల తప్పా? వాడికి లోకో పైలట్ అవ్వాలని ఆశ.
- ఒక అక్క, రాజాం

జవాబు: ముందు అదే మ్యాప్‌ను ఇంకొకరి ఫోన్‌లో అతనికి చూపించాలి, అతని ఫోన్‌ను ఇంట్లో మరొకరు చూడాలి. పది నిమిషాల్లో ఫోన్ మీద అనుమానం తీరిపోతుంది.

క్లాసిక్, కలర్‌ఫుల్, రియలిస్టిక్, సాఫ్ట్, మూవీ అనే స్టైళ్లు బొమ్మ మొత్తానికి ఒకేసారి రంగు పూస్తాయి. కలిసిపోతున్న రెండు రంగులను విడదీయడం వాటి పని కాదు. దానికోసం గ్రాఫిక్స్ సెట్టింగుల్లోనే కలర్‌బ్లైండ్ మోడ్ వేరేగా ఉంది. డ్యూటెరనోపియా, ప్రొటనోపియా, ట్రైటనోపియా అని మూడు రకాలు కనబడతాయి. మొదటి రెండూ ఎరుపు-ఆకుపచ్చ తేడాకు, మూడోది నీలం-పసుపు తేడాకు సంబంధించినవి. ఒక్కోటి ఒక మ్యాచ్ ఆడి చూసి, గుర్తులు విడిగా కనిపించింది ఉంచుకోవచ్చు.

ఎరుపు-ఆకుపచ్చ వర్ణాంధత్వం మగపిల్లల్లోనే ఎక్కువ. ఆ జన్యువు ఎక్స్ క్రోమోజోమ్ మీద ఉండటం, మగవాళ్లకు అది ఒక్కటే ఉండటం కారణం. యూరప్ సంతతి మగవాళ్లలో సుమారు 8 శాతానికి, ఆడవాళ్లలో 200 మందిలో ఒకరికి ఉంటుందని లెక్క. చాలామందికి తమకు ఉందనే తెలియదు.

ఆట డాక్టరు కాదు కాబట్టి మోడ్ మార్చాక బాగా కనబడిందని ఏదీ తేల్చేసుకోకూడదు. కంటి డాక్టరు దగ్గర రంగు చుక్కల మధ్య అంకె చదివించే పుస్తకం ఉంటుంది. జపాన్ వైద్యుడు షినోబు ఇషిహారా 1917లో ప్రచురించిన పరీక్ష అది. కొద్ది నిమిషాల పని. లోకో పైలట్ ఉద్యోగానికి జరిగే వైద్య పరీక్షలో రంగుల చూపు తప్పనిసరి. అందుకని కోచింగ్ ఫీజు కట్టే ముందే ఈ పరీక్ష చేయించడం మేలు.

ప్రశ్న: షూటింగ్ ఆటలకు పెట్టుకున్న వైబ్రెన్స్‌తోనే ఘోస్ట్ ఆఫ్ సుషిమా, అసుర లాంటి కథ ఆటలు ఆడొచ్చా? హెచ్‌డీఆర్ ఆన్ చేస్తే డెస్క్‌టాప్ వెలవెలబోతోంది, అది మామూలేనా?
- పాఠకుడు, రాజాం

జవాబు: ఆడొచ్చు గానీ సుషిమాలోని బంగారు రంగు అడవి కాస్తా పసుపు ముద్దవుతుంది. పోటీ ఆటలో రంగు శత్రువును పట్టించే సాధనం. కథ ఆటలో చిత్రకారులు ఒక్కో ఘట్టానికి రంగు లెక్క చూసి వేస్తారు. 2020లో వచ్చిన ఘోస్ట్ ఆఫ్ సుషిమాలో పాత జపాన్ సినిమాలా ఆడుకోవడానికి దర్శకుడు కురొసావా పేరుతో నలుపు-తెలుపు మోడ్ కూడా ఉంది. హైదరాబాద్ ఓగర్ హెడ్ స్టూడియో 2017లో తెచ్చిన అసుర అయినా అంతే. ఇలాంటి వాటికి వైబ్రెన్స్ 50 దగ్గరే ఉంచి, ఆట లోపలి బ్రైట్‌నెస్ మాత్రం చూసుకోవాలి. 'ఈ గుర్తు కనీకనబడకుండా ఉండేలా జరపండి' అని అడిగే పేజీని చాలామంది గబగబా దాటేస్తారు. కిటికీ తలుపు వేసి, ఆ ఒక్క నిమిషం దాని మీద పెడితే సరిపోతుంది.

హెచ్‌డీఆర్ సంగతికొస్తే, చవక మానిటర్లలో వెలవెలబోవడం మామూలే. విండోస్ లోగో, ఆల్ట్, బీ మీటలు కలిపి నొక్కడం అలవాటు చేసుకుంటే ఆట ముందు ఆన్, అయ్యాక ఆఫ్.

ప్రశ్న: అన్నీ కెలికేశాను. మొదటికి ఎలా రావాలి?
- హాస్టల్ విద్యార్థి, రాజాం

జవాబు: బయటి నుంచి లోపలికి రావాలి. మొదట మానిటర్ కింది బటన్లతో రీసెట్, రంగు మోడ్ 'ఎస్‌ఆర్‌జీబీ' లేదా 'స్టాండర్డ్'. తరవాత డ్రైవర్ సెట్టింగుల్లో డిఫాల్ట్. ఆపైన విండోస్‌లో నైట్ లైట్, హెచ్‌డీఆర్ ఆఫ్. చిట్టచివర ఆట లోపలివి. మధ్యలో ఏదైనా వదిలేస్తే దాన్ని కప్పిపుచ్చడానికి ఇంకోటి మార్చాల్సి వస్తుంది.

పగటి వెలుతురులో తెర మీద ఖాళీ తెల్ల పేజీ తెరిచి, పక్కన ఒక ఏ4 కాగితం పట్టుకుని చూడాలి. తెర నీలంగా ఉంటే మానిటర్‌లో కలర్ టెంపరేచర్‌ను 'వార్మ్' వైపో, 6500 వైపో ఒక మెట్టు జరపాలి. కాగితానికి దగ్గరగా వచ్చాక ఆ సెట్టింగుల పేజీని ఫోన్‌తో ఒక ఫొటో తీసి దాచుకుంటే, మళ్లీ కెలికినప్పుడు పది నిమిషాల పని రెండు నిమిషాల్లో అయిపోతుంది.