కళ్యాణదుర్గం నుంచి ఒక కథల సంచిక

కళ్యాణదుర్గం, కుందుర్పి, శెట్టూరు, కంబదూరు, బ్రహ్మసముద్రం మండలాల్లో కథ చెప్పగలిగినవాళ్లకు కొదవ లేదు. కొరత ఉన్నదల్లా ఆ కథలను చదివి, ఏరి, సరిచేసి అచ్చుదాకా తీసుకుపోయే మనిషికి. పత్రికా రచయితగా మొదలై సాహిత్య సంపాదకులు కావాలనుకునే ఈ ప్రాంతపు పిల్లలకు నేను చెప్పే దారి ఒక్కటే. ముందు ఒక్క కథల సంచిక తయారు చేయండి. 64 పేజీలు, పది కథలు చాలు. ఆ వృత్తిలోని పనంతా అందులోనే పట్టుబడుతుంది.

ఈ పనికి మన అనంతపురం జిల్లాలోనే పెద్ద దిక్కు ఉంది. 1915లో తరిమెలలో పుట్టిన విద్వాన్ విశ్వం సంస్కృతం చదువుకున్నారు. తరిమెల నాగిరెడ్డితో కలిసి అనంతపురంలో నవ్య సాహిత్యమాల పెట్టి పుస్తకాలు వేశారు, జైలుకు పోయారు. హైదరాబాదులో అడివి బాపిరాజు సంపాదకత్వంలోని ‘మీజాన్’లో పనిచేశారు. ఆ తర్వాత ‘ఆంధ్రప్రభ’ వారపత్రిక సంపాదకులుగా తెలుగువాళ్లందరికీ తెలిశారు. ‘పెన్నేటి పాట’ రాసిన కవి, ‘మాణిక్యవీణ’ శీర్షిక నడిపిన రచయిత, ఊరూపేరూ లేనివాళ్ల రాతప్రతులు చదివిన సంపాదకుడు, ముగ్గురూ ఆయనే. ఇవి మూడు వేర్వేరు ఉద్యోగాలని అనుకునేవాళ్లు ఆయన జీవితం ఒకసారి చూడాలి.

మొదటి పని చదవడం. కథలు పంపమని ఎవరినైనా అడిగే ముందే, ఇక్కడ ఇంతవరకు ఏం అచ్చయిందో తెలియాలి. పప్పూరు రామాచార్యులు అనంతపురం నుంచి 1926లోనే ‘శ్రీ సాధన పత్రిక’ మొదలుపెట్టారు. రాయలసీమలో కథ బాగా ఆలస్యంగా పుట్టిందని చాలాకాలం అనుకున్నాం. పరిశోధకులు ఆ పత్రిక పాత సంచికలు తిరగేశాక ఆ లెక్క మారిపోయింది. 1992లో సింగమనేని నారాయణ సంపాదకత్వంలో వచ్చిన ‘సీమ కథలు’ కూడా చదవాలి. ఎవరి కథలు ఎంచారు, ఎందుకు ఎంచి ఉంటారు అని ఆలోచిస్తూ చదివితే సంపాదకత్వంలో అదే తొలి పాఠం.

తర్వాత ప్రకటన. ‘కరువు కథలు పంపండి’ అని మాత్రం అడగకండి. ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్ల వాన పడే నేల ఇది. అలా అడిగితే పదిమందీ ఎండిన శెనక్కాయ చేనే రాస్తారు, పది కథలూ ఒకే కథ అవుతాయి. బెంగుళూరు బస్సెక్కిన కోడలు, బోరు వేసిన రాత్రి, హాస్టలు పిల్లలు, కన్నడ సీమ నుంచి వచ్చిన పెళ్లి సంబంధం, వీటిని అడగండి. కరువు వాటిలోకి ఎలాగూ వస్తుంది. గడువు విషయంలోనూ జాగ్రత్త పడాలి. జూన్, జూలైలో విత్తనం పని, అక్టోబరు, నవంబరులో పంట పెరికే పని. అప్పుడు అడిగితే సేద్యం చేసేవాళ్లు రాయలేరు, ఖాళీగా ఉండేవాళ్ల కథలే వస్తాయి. సంక్రాంతికి ప్రకటన ఇచ్చి, శివరాత్రిని గడువు చేసి, తొలకరికి ముందే సంచిక తేవడం మేలు.

వచ్చిన ప్రతి కథనూ నోటుపుస్తకంలో తేదీతో ఎక్కించండి. చదివేటప్పుడు రచయిత పేరు మూసిపెట్టండి. మొదటిసారి పెన్ను పట్టకుండా చదవాలి. మరునాడు మళ్లీ చదివి, ఏ చోట మనసు నిలిచిందో, ఏ చోట జారిందో రెండు మాటలు రాసుకోవాలి. కొన్ని కథలు వేసుకోవచ్చని, కొన్ని వద్దని అక్కడికక్కడే తేలిపోతుంది. మధ్యన మిగిలినవి తిరగరాయించదగ్గవి. సంపాదకుడి విలువ తెలిసేది వీటి దగ్గరే.

వాటిని మీరే దిద్ది వేసేయకండి. అంచున మీ వాక్యం రాయకండి, ప్రశ్న రాయండి. ఉత్తరం ఇలా ఉండొచ్చు: “అక్కా, మీ కథ లక్ష్మి బస్సెక్కేదాకా బాగా నడిచింది. ఆ తర్వాత రెండు పేజీలు వలస మీద వ్యాసమైంది. బస్సులో ఆమె పక్కన ఎవరు కూర్చున్నారు? సద్దిమూట ఎక్కడ విప్పింది? ఆ రెండు పేజీలు తీసేసి ఇది రాసి పంపుతారా?” ఇంత వివరంగా అడిగితే కథ మారుతుంది. ‘ముగింపు బలహీనంగా ఉంది’ అని ముక్తసరిగా రాస్తే రచయిత బాధపడతారు, కథ మాత్రం మారదు. వద్దనుకున్న కథలకూ జవాబు వెళ్లాలి. జవాబే రాక రాయడం మానేసినవాళ్లు మన ఊళ్లలో ఎందరో.

భాష దగ్గర నాది గట్టి అభిప్రాయం. అనంతపురం యాసను పుస్తకభాషలోకి మార్చకూడదు, అడుగున అర్థాల పట్టికా పెట్టకూడదు. శ్రీకాకుళం పాఠకుడికి సందర్భమే అర్థం చెబుతుంది. చూడాల్సింది నిలకడ. ఒక పేజీలో ‘యాడికి’ అన్న ముసలామె మరో పేజీలో ‘ఎక్కడికి’ అంటే ఆ మనిషి మీద నమ్మకం పోతుంది.

డీటీపీలో అను ఫాంటు నుంచి యూనికోడ్‌కు మార్చేటప్పుడు వత్తులు చెదురుతాయి. అందుకే మొదటి ప్రూఫు ఇద్దరు చూడాలి, ఒకరు రాతప్రతి పైకి చదువుతుంటే మరొకరు దిద్దాలి. రెండోది కథకు కొత్త మనిషి, చివరిది రచయిత. 16 పేజీలకు ఒక ఫారం కాబట్టి 64 పేజీలంటే నాలుగు ఫారాలు. పేజీలు మిగిలితే ప్రకటనలతో నింపే బదులు ఒక కవిత వేయండి.

ఒక్కసారి వచ్చే సంకలనమైతే అది పుస్తకమే, ఐఎస్‌బీఎన్ తీసుకుంటే సరిపోతుంది. క్రమం తప్పక వచ్చే పత్రికగా నడపాలంటే 2023 నాటి పత్రికల రిజిస్ట్రేషన్ చట్టం కింద పేరు నమోదు చేయించాలి. రచయితలకు తలా రెండు ప్రతులూ, ఎంత చిన్నదైనా పారితోషికమూ ఇవ్వండి. ఆ డబ్బు ముందే పక్కన పెట్టకుండా ప్రెస్సుకు పోవద్దు.

పుస్తకమైతే 1954 నాటి చట్టం ప్రకారం అచ్చయిన 30 రోజుల్లోగా కోల్‌కతా జాతీయ గ్రంథాలయానికీ, చెన్నై కన్నెమరా గ్రంథాలయం వంటి మరికొన్నిటికీ ప్రతులు పంపాలి. చట్టం అడగకపోయినా శ్రీకాకుళంలో కాళీపట్నం రామారావు నెలకొల్పిన కథానిలయానికీ ఒకటి పంపండి. ఇక పాఠకులకు నా మనవి: మీ అటక మీద అనంతపురం జిల్లా పాత పత్రిక ఒక్కటి కనబడినా తూకానికి వేయకండి. ముందు కథానిలయానికి ఒక ఉత్తరం రాయండి.